లేడెన్ ట్రోఫీ గెలిచి కప్పు పోగొట్టుకుంటే, ఆ ట్రోఫీకి విలువ లేనట్టేనా?

కెనడాకి కొత్తగా వచ్చామని, మీ అబ్బాయికి జూనియర్ ఐస్ హాకీ పిచ్చి పట్టిందని రాశారు. లేడెన్ లాంటి డివిజన్ ట్రోఫీ గెలిచిన జట్టు, ఆ తర్వాత జరిగే నాకౌట్ సిరీస్‌లలో, అంటే ప్లేఆఫ్స్‌లో ఓడిపోతే ఆ ట్రోఫీ ఎందుకని వాడు అడిగితే ఏం చెప్పాలో తెలియలేదన్నారు. 2019 మే నెలలో మా చిన్నమ్మాయి కూడా నన్ను సరిగ్గా ఇదే అడిగింది. అప్పుడు నాకూ జవాబు తెలియదు.

ముందు లెక్క చెప్తాను. ఇక్కడి జూనియర్ లీగ్ అయిన ఒంటారియో హాకీ లీగ్‌లో 20 జట్లు, నాలుగు డివిజన్లు, ఒక్కోదాంట్లో ఐదు. సీజన్‌కి 68 మ్యాచ్‌లు. గెలిస్తే 2 పాయింట్లు, ఓవర్‌టైమ్‌లోనో షూటౌట్‌లోనో ఓడితే 1. ఈస్ట్ డివిజన్‌లో మొదట నిలిచిన జట్టుకి లేడెన్ ట్రోఫీ ఇస్తారు. ఒంటారియో హాకీ అసోసియేషన్ అధ్యక్షుడిగా చేసిన మ్యాట్ లేడెన్ పేరు మీద 1970ల నుంచి ఉన్న ట్రోఫీ ఇది. మిగతా మూడు డివిజన్లకి ఎమ్స్, హోలోడీ, బంబాకో ట్రోఫీలు. డివిజన్ గెలిచిన జట్టుకి తన కాన్ఫరెన్స్‌లో (రెండు డివిజన్లు కలిస్తే ఒక కాన్ఫరెన్స్) మొదటి రెండు సీడ్‌లలో, అంటే ర్యాంకుల్లో ఒకటి ఖాయం. అంటే మొదటి రౌండ్‌లో ఏడో జట్టో ఎనిమిదో జట్టో ఎదురవుతుంది, సిరీస్ సొంత రింక్‌లో, అంటే సొంత మంచు మైదానంలో మొదలవుతుంది. కప్పు మాత్రం వేరు. ప్లేఆఫ్స్ చివరిదాకా గెలిచినవాళ్లకే జె. రాస్ రాబర్ట్‌సన్ కప్పు.

ఇక మా అమ్మాయి కోపం సంగతి. 2018-19లో మా ఊరి జట్టు ఒట్టావా 67స్ రెగ్యులర్ సీజన్‌లో 50 మ్యాచ్‌లు గెలిచి డివిజన్‌లో మొదట నిలిచారు. ప్లేఆఫ్స్‌లో వరుసగా 14 గెలిచారు, ఒక్కటీ ఓడలేదు. అలా ఏడు మ్యాచ్‌ల ఫైనల్లో గ్వెల్ఫ్ జట్టు మీద 2-0 ఆధిక్యం. ఆ తర్వాత వరుసగా నాలుగు ఓడి కప్పు వదిలేశారు. ఆ ఏడాది గ్వెల్ఫ్ తన డివిజన్ కూడా గెలవలేదు! 2023లోనూ అంతే. 51 మ్యాచ్‌లు గెలిచి డివిజన్‌లో మొదట నిలిచిన మన జట్టుని రెండో రౌండ్‌లో పీటర్‌బరో ఇంటికి పంపింది, కప్పు కూడా ఎత్తుకుపోయింది. ఇవి చూస్తే మీ వాడి ప్రశ్న న్యాయమే అనిపిస్తుంది.

నా ఆలోచన మారింది 2020లో. మా పక్కింటివాళ్లు బిల్లెట్ కుటుంబం, అంటే వేరే ఊళ్ల నుంచి ఆడటానికి వచ్చిన పిల్లలకి తమ ఇంట్లోనే అన్నం పెట్టి, గది ఇచ్చి చూసుకునేవాళ్లు. ఆ ఏడాది వాళ్లింట్లో ఇరవయ్యేళ్ల కుర్రాడు ఉండేవాడు. జూనియర్‌లో అదే ఆఖరి వయసు, మరుసటి ఏడాది ఆడనివ్వరు. మ్యాచ్ ఉన్నరోజు మధ్యాహ్నం పాస్తా తిని ఓ గంట పడుకునేవాడు. గరాజ్‌లో తడిసిన గ్లోవ్స్ రెండూ హీటర్ ముందు నోళ్లు తెరుచుకుని ఆరుతుండేవి. ఆ చెమట వాసన మా వాకిట్లోకి వచ్చేది. కింగ్‌స్టన్‌కి రెండు గంటలు, పీటర్‌బరోకి మూడు దాటి, ఒషావాకి దాదాపు నాలుగు గంటలు బస్సులో. డివిజన్ అంటే ఈ జట్లతోనే మళ్లీ మళ్లీ తలపడటం, అవే ముఖాలు, అవే దెబ్బలు. తెల్లవారుజామున మూడింటికి మంచులో బ్యాగ్ ఈడ్చుకుంటూ వచ్చిన చప్పుడు మాకు వినపడేది.

ఆ సీజన్‌లో 67స్ 62 మ్యాచ్‌లు ఆడి 50 గెలిచారు. ఆ జట్టులోని మార్కో రొస్సీ 120 పాయింట్లతో (తను కొట్టిన గోల్స్, అందించిన అసిస్ట్‌లు కలిపి) లీగ్‌లోనే టాప్. ఈసారి కప్పు మనదే అని ఊరంతా అనుకుంటుండగా మార్చి 12న కోవిడ్‌తో లీగ్ ఆగిపోయింది. ప్లేఆఫ్స్ రద్దు. ఆ మరుసటి సీజన్ అసలు మొదలే కాలేదు. 2020లో కప్పు ఎవరికీ రాలేదు. ఆ జట్టుకి దక్కినవి రెగ్యులర్ సీజన్ ట్రోఫీలే. డివిజన్‌కి లేడెన్ ట్రోఫీ, మొత్తం లీగ్‌లో మొదట నిలిచినందుకు హామిల్టన్ స్పెక్టేటర్ ట్రోఫీ.

ఆ కుర్రాడు సామాను కారులో సర్దుకుంటుంటే నేను మాస్క్ కూడా లేకుండా వాకిట్లో నిలబడి, "కప్పు పోయిందే బాబూ" అన్నాను. "కప్పు ఆడనే లేదు అంకుల్. డివిజన్ మాత్రం గెలిచాం, దాన్ని ఎవరూ తీసేయలేరు" అన్నాడు. ఆ పిల్లాడి గొంతులో బాధ ఉంది, గర్వం కూడా ఉంది. అనవసరంగా ఆ మాట అన్నానని ఇప్పటికీ అనిపిస్తుంది.

ఐపీఎల్‌లో లీగ్ దశ టాపర్‌ని మనం ఫైనల్ అయ్యేసరికి మర్చిపోతాం. ఇక్కడ అలా చూడటం నాకు ఇక చేతకాదు. ఏడు మ్యాచ్‌ల సిరీస్‌లో అవతలి గోలీ (గోల్‌కీపర్) ఒక్కడు నిప్పులు చెరిగితే చాలు, అంతా తారుమారవుతుంది. సెప్టెంబరు నుంచి మార్చి దాకా ఐదు జట్లలో మొదట నిలవడం మాత్రం అదృష్టంతో అయ్యే పని కాదు. పైగా ఈ పిల్లల్లో పెద్ద ప్రొఫెషనల్ లీగ్ అయిన ఎన్‌హెచ్‌ఎల్ దాకా వెళ్లేది కొద్దిమందే. మా పక్కింటి కుర్రాడు లీగ్ ఇచ్చే స్కాలర్‌షిప్‌తో చదువుకి వెళ్లిపోయాడు. హాకీలో వాడి చేతికి వచ్చిన పెద్ద గెలుపు ఆ సీజన్‌దొక్కటే.

మీ వాడిని ఫిబ్రవరిలో ఏదైనా ఈస్ట్ డివిజన్ మ్యాచ్‌కి తీసుకెళ్లండి. కింగ్‌స్టన్ వస్తే మరీ మంచిది. రింక్ చుట్టూ ఉండే గాజు పక్కన సీట్లు దొరికితే వదలకండి. ఆఖరిదైన థర్డ్ పీరియడ్‌లో ఒక్క గోల్ తేడా ఉన్నప్పుడు, దూసుకొచ్చే పక్‌కి (రబ్బరు బిళ్లకి) అడ్డంగా ఒళ్లు పడేసే పద్దెనిమిదేళ్ల డిఫెన్స్ కుర్రాడిని చూపించండి. ఆ పాయింట్లు దేనికో వాడికి అక్కడే అర్థమవుతుంది.