కెమెరా పక్క నుంచి డైరెక్షన్‌కి: తమ్ముడికి రాసిన ఉత్తరం

తమ్ముడూ,

ఎనిమిదేళ్లు ఫోకస్ పుల్లర్‌గా, షాట్ నడుస్తుంటే బొమ్మ మసకబారకుండా లెన్స్ ఫోకస్ తిప్పుతూ పనిచేశాను, ఇక డైరెక్షన్ వైపు వెళ్తానన్నా అని రాశావు. వెళ్లు. బాలు మహేంద్ర, గోవింద్ నిహలానీ, మన తేజ, అందరూ కెమెరా దగ్గర నుంచి వచ్చినవాళ్లే. కానీ ఇన్ని సినిమాలకు కెమెరా పక్కన నిలబడ్డాం కాబట్టి సగం డైరెక్షన్ వచ్చేసినట్టే అనుకోకు. నేను అలాగే అనుకున్నాను.

నా మొదటి షార్ట్ ఫిల్మ్‌లో కొడుకు ఇల్లు వదిలి వెళ్లే సీన్ ఉంది. తల్లి వేషం వేసినావిడ రిహార్సల్‌లోనే అందరి చేతా కళ్లు తుడిపించింది. నాకేమో కిటికీ లోంచి వచ్చే వెలుగు నచ్చలేదు. లైటు జరిపించాను, లెన్స్ మార్పించాను, మళ్లీ లైటు జరిపించాను. నలభై నిమిషాలు పట్టింది. ఆవిడ అలా కుర్చీలో కూర్చునే ఉంది. టేక్‌లో డైలాగ్ వచ్చింది, దుఃఖం రాలేదు. ఫ్రేమ్ మాత్రం క్యాలెండర్‌కి వేసుకునేలా కుదిరింది! ఎడిటింగ్‌లో తీసేశాం.

అందుకే నీ మొదటి ఫిల్మ్‌కి కెమెరా నువ్వు చేయకు. డబ్బు మిగులుతుందని ఆశ పుడుతుంది, అయినా సరే. కెమెరామన్‌కి లెన్స్ నంబర్ చెప్పకు. "ఈ అమ్మాయి అబద్ధం చెబుతోందని చూసేవాళ్లకు తెలియాలి, ఎదుటివాడికి తెలియకూడదు" అని చెప్పి పక్కకు తప్పుకో. చేతులు దురద పెడతాయి, ఓర్చుకో.

నటులతో మనకు వచ్చిన మాటలు రెండే: "కొంచెం ఎడమకి", "మార్క్ మీద ఆగండి". "ఇంకా బాధగా చేయండి" అన్నా వాళ్లకేం అందదు. ఆ మనిషికి ఆ నిమిషంలో ఏం కావాలి, దానికి ఏం అడ్డొస్తోంది, అది చెప్పాలి. ఎవరైనా నాటకం రిహార్సల్ చేస్తుంటే వెళ్లి మూల కూర్చో. ఖాళీ దొరికితే ఎడిటర్ పక్కన కూడా. సెట్‌లో లైన్ క్రాస్ అయితే, అంటే ఇద్దరు నటుల మధ్య మనం ఊహించుకునే గీతను కెమెరా దాటితే, ఎవరో ఒకరు అరుస్తారు. సీన్‌లో ప్రాణం పోతే ఎవరూ అరవరు.

ఒక్క విషయంలో నువ్వు మిగతావాళ్లకన్నా ముందున్నావు. ఏ సెటప్‌కి ఎంతసేపు పడుతుందో నీకు తెలుసు. రెండు రోజుల్లో తీయగలిగిందే రాసుకో.

ఉన్న పని ఇప్పుడే మానకు. డైరెక్ట్ చేశాక మళ్లీ కెమెరా పనికి వెళ్తే చిన్నతనం అని కూడా అనుకోకు. 1977లోనే దర్శకుడైన బాలు మహేంద్ర, ఆ తర్వాతే విశ్వనాథ్ గారి 'శంకరాభరణం'కి కెమెరా చేశారు.

స్క్రిప్ట్ పది పేజీలు దాటకుండా రాసి పంపు. షాట్ డివిజన్, అంటే సీన్‌ని షాట్లుగా విడగొట్టిన జాబితా, జతచేశావంటే మాత్రం చదవను.

మీ అన్న