క్రాక్ క్యాడ్‌తో గీసిన ప్లాన్లు భద్రమేనా?

ప్రశ్న: ఇళ్ల ప్లాన్లు, చేపల చెరువుల లేఅవుట్లు గీసే చిన్న డ్రాఫ్టింగ్ ఆఫీసు మాది. రెండు కంప్యూటర్లలోనూ ప్లాన్లు గీసే ఆటోక్యాడ్ సాఫ్ట్‌వేరు ఉంది, అదీ క్రాక్ చేసిన (లైసెన్సు లేకుండా నడిచేలా మార్చిన) పాతది. దాన్ని వేసిన కుర్రాడు యాంటీవైరస్ ఆపేసి, మళ్లీ ఆన్ చేయవద్దని చెప్పి వెళ్లాడు. ఈమధ్య ఏ ఫోల్డరు తెరిచినా మేము పెట్టని ‘ఏక్యాడ్‌డాక్.ఎల్ఎస్‌పీ’ అనే ఫైలు కనిపిస్తోంది. చుట్టుపక్కల అందరూ ఇలాగే వాడుతున్నారు కదా, మావంటి చిన్నవారికి కూడా ఇబ్బంది ఉంటుందా?
— ఒక డ్రాఫ్ట్స్‌మన్, పాలకొల్లు

జవాబు: మీరు చివర అడిగిన దానికన్నా, మధ్యలో చెప్పిన ఆ ఫైలు గురించే ముందు ఆలోచించాలి. ఆటోక్యాడ్‌కు ఆ పేరుగల ఫైలు దొరికితే, డ్రాయింగు తెరిచిన ప్రతిసారీ అందులోని ఆటోలిస్ప్ (ఆటోక్యాడ్‌లో పనులు తనంతట జరిగేలా రాసుకునే ప్రోగ్రామింగ్ భాష) ఆదేశాలను తనంతట తానే అమలు చేస్తుంది. సొంతంగా లిస్ప్ రొటీన్లు రాసుకునే ఆఫీసుల్లో అది ఉండడం మామూలే గాని, మీరు రాయనిది ఫోల్డరు ఫోల్డరుకూ పాకుతోందంటే వైరస్ అనే అనుమానించాలి. 2012లో ముఖ్యంగా పెరూ దేశంలో బయటపడిన ‘ఏక్యాడ్ మెడ్రే’ అనే వార్మ్ (తనను తానే కాపీ చేసుకుంటూ పాకే వైరస్) ఇటువంటి దారినే వాడుకుని, తెరిచిన డ్రాయింగులను చైనాలోని ఈమెయిల్ ఖాతాలకు పంపించింది. నిజానికి ఇటువంటివి లైసెన్సున్న కంప్యూటరుకూ పెన్‌డ్రైవ్ ద్వారా సోకవచ్చు. కాకపోతే అక్కడ పట్టుకోవడానికి యాంటీవైరస్ ఉంటుంది, మీ దగ్గర దాన్ని ఆ కుర్రాడు ఆపేసి వెళ్లాడు. ఫైళ్లకు తాళం వేసి డబ్బు అడిగే ‘స్టాప్’ రాన్సమ్‌వేర్ కూడా ఎక్కువగా క్రాకులు, కీజెన్ల (నకిలీ లైసెన్సు నంబర్లు పుట్టించే ప్రోగ్రాముల) వెంటే వచ్చేది.

ఇక చట్టం సంగతి. 1957 కాపీరైట్ చట్టంలోని 63బి సెక్షన్ ప్రకారం, నకిలీ ప్రోగ్రామని తెలిసీ కంప్యూటరులో వాడితే 7 రోజులకు తగ్గకుండా 3 ఏళ్ల వరకు జైలు, 50 వేలకు తగ్గకుండా 2 లక్షల రూపాయల వరకు జరిమానా పడవచ్చు. లాభానికో వ్యాపారానికో వాడనివారి విషయంలో కోర్టు జైలు లేకుండా వదిలే వీలుంది గాని, ఫీజు తీసుకుని ప్లాన్లు గీసే మీకు అది వర్తించదు. ఆఫీసు చిన్నదన్న మినహాయింపు ఆ సెక్షన్‌లో లేదు.

ముందుగా రెండు కంప్యూటర్లకూ ఇంటర్నెట్ తీసేయండి. డ్రాయింగు ఫైళ్లను మాత్రమే వేరే డిస్కులోకి తీసుకుని, ఎల్ఎస్‌పీ, ఎఫ్ఏఎస్ ఫైళ్లను (రెండూ లిస్ప్ ఆదేశాలుండే రకాలే) వదిలేసి, విండోస్‌ను ఫార్మాట్ చేసి మళ్లీ వేయించండి. ప్లాన్లు, లేఅవుట్లు 2డీ పనే కాబట్టి పూర్తి ఆటోక్యాడ్ కన్నా చవకగా వచ్చే ఆటోక్యాడ్ ఎల్‌టీ మీకు సరిపోవచ్చు. ఏటేటా కట్టడం భారమైతే, ఒకసారి కొని ఉంచుకునే లైసెన్సు బ్రిక్స్‌క్యాడ్ అనే మరో క్యాడ్ సాఫ్ట్‌వేరులో దొరుకుతుంది. లిబ్రెక్యాడ్ పూర్తిగా ఉచితమే గాని, అది డీడబ్ల్యూజీలో (ఆటోక్యాడ్ సొంత డ్రాయింగు ఫైలు రకంలో) సేవ్ చేయలేదు కనుక, ఆ ఫైలే కావాలనే ఇంజినీరు ఉన్నచోట పనికిరాదు. కాలేజీలో చదివే పిల్లల పేరిట విద్యార్థి లైసెన్సు తీసుకుందామని చాలామందికి తోస్తుంది. ఫీజు తీసుకునే పనికి దాన్ని వాడే హక్కు లేదు.

ఫోల్డర్లను జిప్ చేసి మీరు ఈమధ్య పంపిన ఇంజినీర్లకు, కాంట్రాక్టర్లకు ఈ ఫైలు సంగతి ఫోన్ చేసి చెప్పండి. మొహమాటంగానే ఉంటుంది, అయినా వారు ఆ ఫోల్డర్లలోని డ్రాయింగులు తెరవకముందే చెప్పాలి.