కోచ్ మీ వాడిని లైన్‌లో ఆడమన్నాడా? అనుమతి కాగితం మీద సంతకం పెట్టే ముందు జాన్ అర్షెల్ గురించి వినండి

పోయిన ఆదివారం ఇక్కడ పిట్స్‌బర్గ్‌లో పెన్ హిల్స్ గుడిలో దర్శనం చేసుకుని కింద పులిహోర తింటుంటే, నెల్లూరు నుంచి కొత్తగా వచ్చిన ఒకమ్మాయి పక్కన కూర్చుని అక్కా మావాడు ఆగస్టులో తొమ్మిదో క్లాసుకి వెళ్తాడు, అప్పుడే ఆరడుగులున్నాడు, ఒళ్ళు కూడా ఉంది, స్కూల్లో అమెరికన్ ఫుట్‌బాల్ కోచ్ చూసి లైన్‌లో ఆడతావా అన్నాడంట, వీడేమో ఎగిరి గంతేస్తున్నాడు, వాళ్ళ నాన్నేమో తల పగులుద్ది వద్దంటే వద్దు అంటున్నాడు, ఏం చెయ్యమంటావు అని అడిగింది. పులిహోర తినేలోపు చెప్పే విషయం కాదది. మావాడు నాలుగేళ్ళు ఇక్కడి స్కూల్లో లెఫ్ట్ గార్డ్‌గా ఆడాడు, అందుకని ఈ ప్రశ్న వస్తే నేను తేలిగ్గా అవుననో కాదనో అనలేను, తెలిసిందంతా రాస్తున్నాను చూడండి, లైన్‌లోనే ఆడి తర్వాత లెక్కల ప్రొఫెసరైన జాన్ అర్షెల్ సంగతితో సహా.

ముందు లైన్ అంటే ఏంటో తెలుసుకోండి, మనం టీవీలో చూసేది బంతి విసిరేవాడిని, పట్టుకుని పరిగెత్తేవాడిని. టీమ్‌లో 11 మంది ఉంటే వాళ్ళ ముందు అయిదుగురు గోడలా నిలబడతారు, మధ్యలో సెంటర్, అటూ ఇటూ ఇద్దరు గార్డులు, చివర్లో ఇద్దరు టాకిల్స్. సెంటర్ కాళ్ళ మధ్యనుంచి బంతి వెనక్కి అందించగానే ఎదురుగా ఉన్న కొండలాంటి వాళ్ళు మీద పడతారు, వాళ్ళని ఒక నాలుగైదు సెకన్లు ఆపాలి, మన కబడ్డీలో లాగా పట్టేసుకుంటే కుదరదు, పట్టుకుంటే హోల్డింగ్ అని 10 యార్డులు వెనక్కి, బంతి కదలకముందే నువ్వు కదిలితే 5 యార్డులు వెనక్కి. చేతులతో తొయ్యాలి, పాదాలు కదుపుతూనే ఉండాలి, ఎదుటివాడు ఏ వైపు నుంచి వస్తాడో ముందే లెక్కెయ్యాలి. పెళ్ళి వంటవాళ్ళ పరిస్థితే వీళ్ళది, భోజనాలు బాగుంటే పెళ్ళివారి పేరు, ఉప్పెక్కువైతే మాత్రం వంటవాడి పేరు. కానీ పక్కవాడి కోసం నిలబడటం ఆ అయిదుగురి దగ్గర నేర్చుకున్నంతగా మావాడు ఇంకెక్కడా నేర్చుకోలేదు.

ఇప్పుడు అర్షెల్ సంగతి. పుట్టింది 1991లో కెనడాలో విన్నిపెగ్, పెరిగింది న్యూయార్క్ రాష్ట్రం బఫెలోలో అమ్మ దగ్గర. నాన్న సర్జన్, అమ్మ లాయర్. చిన్నప్పుడు వాళ్ళమ్మ పజిల్ పుస్తకాలు తెచ్చి ముందు పడేస్తే గంటలు గంటలు కూర్చునేవాడంట. పెన్ స్టేట్ యూనివర్సిటీలో ఫుట్‌బాల్ స్కాలర్‌షిప్ మీద చేరి గార్డ్‌గా ఆడుతూనే మ్యాథ్స్‌లో బ్యాచిలర్స్, మాస్టర్స్ చేశాడు, 4.0 జీపీఏ, అంటే టాప్ గ్రేడ్, పైగా టీమ్‌లో ఉండగానే అక్కడ మ్యాథ్స్ క్లాసులు చెప్పాడు. ఆటా చదువూ రెండూ బాగా చేసినవాళ్ళకి ఇచ్చే క్యాంప్‌బెల్ ట్రోఫీ 2013లో తనకే వచ్చింది. ఎన్ఎఫ్ఎల్ అనే ప్రొఫెషనల్ లీగ్ టీమ్‌లు కాలేజీ ఆటగాళ్ళని వరసగా ఎంచుకునేదాన్ని డ్రాఫ్ట్ అంటారు, 2014 డ్రాఫ్ట్‌లో అయిదో రౌండ్‌లో 175వ వాడిగా బాల్టిమోర్ రేవెన్స్ టీమ్ తీసుకుంది. ఒళ్ళు 300 పౌండ్ల పైనే, అంటే మన లెక్కలో 136 కిలోలకి తక్కువ కాదు.

ఎన్ఎఫ్ఎల్‌కి వెళ్ళాక కూడా పాత నిస్సాన్ వెర్సా నడుపుకుంటూ, రూమ్మేట్‌తో ఉంటూ, ఏడాదికి 25 వేల డాలర్ల లోపే ఖర్చు పెట్టుకుని బతికాడు. ఇది మనవాళ్ళు బాగా వినాలి, ఎందుకంటే ఎన్ఎఫ్ఎల్ అనగానే కోట్లు అనుకుంటాం, ఒక టీమ్ రోస్టర్‌లో, అంటే ఆటగాళ్ళ జాబితాలో, ఉండేది 53 మంది, ఆ కాంట్రాక్టుల్లో చాలావరకు డబ్బుకి గ్యారంటీ ఉండదు, వద్దనుకుంటే టీమ్ తీసేస్తుంది అంతే. అర్షెల్‌కి ఆ సంగతి బాగా తెలుసు.

2015 ఆగస్టులో ట్రైనింగ్ క్యాంప్‌లో తలకి తల తగిలి కంకషన్, అంటే మెదడు అదిరే దెబ్బ, అయింది. మళ్ళీ మైదానంలోకి రావడానికి పట్టిన టైమ్ కంటే పెద్ద లెక్కలు మళ్ళీ చెయ్యగలగడానికి ఎక్కువ టైమ్ పట్టిందని తర్వాత తనే చెప్పాడు. ఈ మాట చదివినప్పుడు నాకు ఒళ్ళు జలదరించింది, ఎందుకంటే అది నేను మా డైనింగ్ టేబుల్ దగ్గర కళ్ళారా చూశాను.

మావాడు పదకొండో క్లాసులో ఉండగా అక్టోబర్లో ఒక శుక్రవారం రాత్రి, రెండో క్వార్టర్లో పడి లేచి, మన వాళ్ళ వైపు కాకుండా ఎదుటి టీమ్ వైపు నడిచాడు. ఒక కోచ్ ఏం కాలేదు నీళ్ళు తాగి రా అన్నాడు, ఆటగాళ్ళ దెబ్బలు చూసే అథ్లెటిక్ ట్రైనర్ మాత్రం హెల్మెట్ తీసుకుని తిరిగి ఇవ్వలేదు, ఆ అమ్మాయికి ఇప్పటికీ నేను దణ్ణం పెట్టుకుంటాను. మూడు రోజులు కర్టెన్లు వేసి చీకట్లో పడుకున్నాడు. నాలుగో రోజు ఆల్జీబ్రా హోంవర్క్ ముందేసుకుని కూర్చుంటే ఒకే సమీకరణం మొదటి లైను మూడుసార్లు రాశాడు, ఒకదాని కింద ఒకటి, రాసినట్టు తనకే తెలియదు. వేళ్ళకి శుక్రవారం చుట్టిన తెల్ల టేపు జిగురు ఇంకా అలాగే ఉంది. ఆ కాగితం ఇప్పటికీ నా దగ్గర ఉంది.

అర్షెల్ ఆ ఏడాది మళ్ళీ ఆడాడు, 2016 నుంచి సీజన్ లేనప్పుడు ఎంఐటీలో పీహెచ్‌డీ కూడా మొదలుపెట్టాడు. 2017 జులై 25న జామా అనే మెడికల్ జర్నల్‌లో బోస్టన్ యూనివర్సిటీ వాళ్ళ పరిశోధన వచ్చింది, చనిపోయిన 111 మంది ఎన్ఎఫ్ఎల్ ఆటగాళ్ళ మెదళ్ళు పరీక్షిస్తే 110 మందిలో తలకి పదే పదే దెబ్బలు తగిలితే మెదడు దెబ్బతినే సీటీఈ అనే జబ్బు కనపడింది. రెండు రోజులకే అర్షెల్ 26 ఏళ్ళకి రిటైర్ అయ్యాడు. 2021లో పీహెచ్‌డీ, 2023 నుంచి అదే ఎంఐటీలో అసిస్టెంట్ ప్రొఫెసర్. ఒక మాట చెప్పాలి, ఆ 111 మందివీ కుటుంబాలు దానం చేసిన మెదళ్ళు, లక్షణాలు చూసి అనుమానం వచ్చినవాళ్ళే ఎక్కువ ఇస్తారు కాబట్టి ఆడిన ప్రతివాడికీ వస్తుందని కాదు. అలాగని కొట్టిపారెయ్యకండి, ఈ జబ్బు మొదటిసారి ఎన్ఎఫ్ఎల్ ఆటగాడిలో బయటపడింది మన ఊళ్ళోనే, ఇక్కడి ఎన్ఎఫ్ఎల్ టీమ్ స్టీలర్స్‌కి 15 ఏళ్ళు ఆడిన సెంటర్ మైక్ వెబ్‌స్టర్, నాలుగు సూపర్‌బౌల్స్, అంటే లీగ్ ఫైనల్స్, గెలిచినవాడు, చివర్లో మతి చెదిరి ట్రక్కులో పడుకున్న రోజులు కూడా ఉన్నాయి, 2002లో 50 ఏళ్ళకే పోయాడు. ఇక్కడి నైజీరియా డాక్టర్ బెనెట్ ఒమాలు ఆయన మెదడు చూసి కనిపెట్టాడు.

హెల్మెట్ ఉంది కదా అంటారు, అది పుర్రెని కాపాడుద్ది. పెరుగు గిన్నెకి మూత ఎంత గట్టిగా పెట్టినా కుదిపితే లోపల పెరుగు కదలకుండా ఉంటుందా? పైగా లైన్‌వాళ్ళకి పెద్ద దెబ్బలు తక్కువైనా చిన్న చిన్నవి దాదాపు ప్రతి ప్లేలోనూ, అంటే బంతి వెనక్కి అందించిన ప్రతిసారీ, తగులుతుంటాయి, డాక్టర్లు భయపడేది అలా ఏళ్ళతరబడి పోగయ్యే వాటికే.

అందుకే నేను చెప్పేదేంటంటే, ఆడించాలా వద్దా అని మొగుడూ పెళ్ళాం కొట్టుకోవడం కాదు, ఎక్కడ ఆపాలో సీజన్ మొదలవ్వకముందే పిల్లాడితో కూర్చుని తేల్చుకోండి. మేము కంకషన్ తర్వాత తేల్చుకున్నాం, ముందే చేసి ఉండాల్సింది. ఇంకోసారి తగిలితే ఆట బంద్, చదువులో తేడా కనపడినా బంద్, తలనొప్పి దాస్తే బంద్ అని వాడి చేతే రాయించి ఫ్రిజ్ మీద పెట్టాం. సీనియర్ ఇయర్‌లో, అంటే పన్నెండో క్లాసులో, దేవుడి దయవల్ల ఏమీ కాలేదు, ఆడనిచ్చి మంచి చేశానా అంటే ఇప్పటికీ ఒకరోజు ఒకలా ఇంకోరోజు ఇంకోలా అనిపిస్తుంది. మీవాడు ఇంకా చిన్నవాడైతే హైస్కూల్ దాకా ఫ్లాగ్ ఫుట్‌బాల్ ఆడించండి, అందులో గుద్దుకోవడాలు ఉండవు.

కోచ్‌ని అడగడానికి మొహమాటపడకండి, ప్రాక్టీస్‌లో వారానికి ఎన్ని రోజులు ఫుల్ కాంటాక్ట్, అంటే నిజంగా గుద్దుకుంటూ ఆడటం, ప్రతి గేమ్‌కీ అథ్లెటిక్ ట్రైనర్ ఉంటారా, దెబ్బ తగలకముందు జ్ఞాపకశక్తి అవీ ఎలా ఉన్నాయో చూసే బేస్‌లైన్ టెస్ట్ సీజన్ ముందు కంప్యూటర్ మీద చేస్తారా, ఈ మూడూ అడగండి. కంకషన్ అనుమానం వస్తే పిల్లాడిని పక్కన కూర్చోబెట్టి డాక్టర్ రాసిచ్చాకే మళ్ళీ దింపాలని ఇక్కడ చట్టం ఉంది, కోచ్ తొందరపెట్టినా మీరు ఒప్పుకోనక్కర్లేదు. ఇన్సూరెన్స్ డిడక్టిబుల్, అంటే ముందు మన జేబులోంచి కట్టాల్సింది, ఎంతో కూడా చూసుకోండి.

వీసా సంగతి అడిగింది ఆ అమ్మాయి, పని వీసా మీద వచ్చినవాళ్ళ భార్యాపిల్లలకి ఇచ్చే హెచ్4 మీద ఉన్న పిల్లలు స్కూల్ టీమ్‌లో ఆడటానికి అడ్డేమీ లేదు. కాలేజీ ఆటగాళ్ళకి యాడ్స్ అవీ చేసి డబ్బు తీసుకునే వీలు 2021 నుంచి వచ్చింది కదా, అది మాత్రం వర్క్ పర్మిట్ లేనివాళ్ళు ఇమిగ్రేషన్ లాయర్‌ని అడక్కుండా ఒక్క డాలర్ కూడా ముట్టుకోవద్దు. 21 నిండితే హెచ్4 పోద్దని కూడా గుర్తుంచుకోండి.

తిండి గురించి ఒక్క మాట, లైన్ కదా అని పిల్లాడికి కుక్కి కుక్కి పెట్టకండి. క్లీవ్‌లాండ్ బ్రౌన్స్ లెఫ్ట్ టాకిల్ జో థామస్ ఒక్క ప్లే కూడా మిస్సవ్వకుండా వరసగా 10,363 స్నాప్స్ ఆడాడు, అంతటివాడు కూడా రిటైర్ అయ్యాక 50 పౌండ్ల పైనే తగ్గించుకున్నాడు. మావాడికి గుడ్లు, పప్పు, పెరుగు, చికెన్, అంతే పెట్టాను.

నెల్లూరు అమ్మాయీ, మీవాడు చేరితే మొదటి శుక్రవారం గేమ్‌కి నాకు ఫోన్ చెయ్యి, నేనూ వస్తాను. ఆ ఇనప బెంచీలు సెప్టెంబర్ రాత్రికే చల్లగా అయిపోతాయి, రెండు దుప్పట్లు నేను తెస్తాను. బంతి ఎటుపోతుందో చూడకు, మీవాడి కాళ్ళు చూడు, పాదాలు ఆగకుండా కదులుతున్నాయంటే వాడు బాగా ఆడుతున్నట్టే.