బేర్ గ్రిల్స్‌లా కావాలంటున్న మా పిల్లోడిని ఏం చేయాలి?

జమ్మలమడుగు నుంచి ఒక అమ్మ రాసినారు: "మా వాడు ఇంటర్ రెండో సంవత్సరం, ఎంపీసీ. పొద్దస్తమానం టీవీలో అడవుల్లో సాహసాలు చేసే బేర్ గ్రిల్స్ వీడియోలే. సెలవొస్తే ఫోను పట్టుకొని గండికోట లోయ అంచున ఉంటాడు. ఇంజనీరింగ్ వద్దు, అట్లాంటి ప్రోగ్రాములే చేస్తానంటాడు. వాళ్ల నాయన వాడితో మాట్లాడటం మానేసినారు."

అమ్మా, ముందు ఆ మాటలు మళ్లీ మొదలుపెట్టించండి. ఇంట్లో మాటల్లేకపోతే పిల్లోడు లోయకు పోవడం మానడు, పోతున్నానని చెప్పడం మానేస్తాడు.

బేర్ గ్రిల్స్ సంగతి మీ వాడికి సగమే తెలిసుంటుంది. ఆయన టీవీకి రాకముందు బ్రిటన్ సైన్యంలో రిజర్వు దళంలో పనిచేసినాడు. 1996లో జాంబియాలో పారాచూట్ సరిగా తెరుచుకోక పడితే వెన్నుపూసలు మూడు విరిగినాయి. 1998లో ఎవరెస్టు ఎక్కినాడు. ఆయన టీవీ ప్రోగ్రాం ‘మ్యాన్ వర్సెస్ వైల్డ్’ వచ్చింది 2006లో, ముప్ఫై దాటినాక. తెరమీద ఒంటిగా కనిపించినా పక్కనే కెమెరా, సౌండు, సేఫ్టీ వాళ్లు ఉంటారు. షూటింగప్పుడు కొన్ని రాత్రులు అడవిలో కాకుండా లాడ్జిలో పడుకున్నాడని 2007లో పెద్ద గొడవైంది కూడా. నాకైతే అందులో తప్పేం కనిపించదు. ఒక మనిషిని అడవిలో తిప్పి ప్రాణాలతో ఇంటికి చేర్చడం ఆ టీము పని. మీ వాడు లోపలికి పోవడానికి తలుపు అక్కడుంది. తెరమీద ముఖం ఒకటుంటే చాలు, వెనక చేతులు చాలా కావాలి.

ఇంజనీరింగే చదవాలని లేదు, డిగ్రీ మాత్రం వదలొద్దు. కెమెరా మీద మనసుంటే డిగ్రీ తర్వాత పూణేలో సినిమా, టీవీ పని నేర్పే ఎఫ్‌టీఐఐలో సినిమాటోగ్రఫీకి పోటీ పడొచ్చు. కొండలంటే ఇష్టమైతే ఉత్తరకాశీ నెహ్రూ ఇన్‌స్టిట్యూట్‌లోనో, డార్జిలింగ్‌లోనో బేసిక్ మౌంటెనీరింగ్ కోర్సు ఉంది, దాదాపు నెల. తాడు కట్టడం, దెబ్బ తగిలినోడిని కిందికి దించడం అక్కడ నేర్పుతారు. యూట్యూబ్ చూసి నేర్చుకునే విద్య కాదది.

ఇంకోటి. కలివికోడి మీ జిల్లాదే. ఎన్నో దశాబ్దాలు ఎవరికీ కనబడక, అంతరించిపోయిందనుకున్న పక్షి. 1986లో లంకమల కొండల దగ్గర దొరికింది. పట్టింది ఏ టీవీ సాహసికుడూ కాదు. పిట్టలు పట్టే స్థానికుడు, రాత్రిపూట టార్చిలైటు వెలుగులో పట్టినాడు. ఆ చిట్టడవిలో ఏ మూల ఏ పిట్ట తిరుగుతుందో తెలిసినోడు. టీవీ వాళ్లు ఏ దేశం పోయినా మొదట వెతికేది అట్లాంటి మనిషినే.

అందుకే మీ వాడికొక పని చెప్పండి. పరీక్షలైనాక గండికోట చుట్టుపక్కల మేకలు తోలే పెద్దాయన ఎవరి వెంబడైనా నాలుగు రోజులు నడవమనండి. ఎండాకాలంలో నీళ్లు ఎక్కడ దొరుకుతాయి, పాము కరిస్తే ఎవరిని పిలుస్తారు, పెన్నా పొంగినప్పుడు ఏ దోవన వస్తారు, అన్నీ అడిగి పది నిమిషాల వీడియో తీయమనండి. వాడి ముఖం అందులో కనబడకూడదు. లోయ అంచున నిలబడి తీసిన ముక్క ఒక్కటున్నా నేను చూడను. అయిపోయినాక ముందు వాళ్ల నాయనకు చూపించమనండి, తర్వాత నాకు పంపండి.