బ్లాక్ బెల్ట్ ఉంటే సినిమా ఫైటర్ అయిపోవచ్చా?

కరాటే బ్లాక్ బెల్ట్ ఉంది, ఫైటర్‌గా మొదలుపెట్టి నటుడిగా ఎదగొచ్చా అని అడిగారు. నేను తొమ్మిదేళ్లు ఫైటర్‌గా చేసి, మోకాలు పోయాక మానేశాను. నటుణ్ణి కాలేకపోయాను. ఎందుకు కాలేదో కూడా చెబుతాను.

మొదటిరోజు నా పంచ్ చూసి ఫైట్ మాస్టర్ "కొట్టావా?" అని అడిగారు. వెటకారమనుకున్నా. మానిటర్ దగ్గరికి పిలిచి చూపించారు, నిజంగానే చెయ్యి కనబడలేదు. సినిమా కెమెరా సెకనుకు 24 ఫ్రేములు తీస్తుంది. ఏళ్ల తరబడి చెమటోడ్చి సంపాదించిన నా వేగం నాలుగైదు ఫ్రేముల్లో అయిపోయింది. భుజం బాగా వెనక్కి లాగి, చెయ్యి పెద్దగా తిప్పి, అవతలివాడి దవడకి జానెడు దూరంలోంచి పోనివ్వాలట. ఆ జానెడు ఖాళీ కెమెరాకి దొరక్కుండా ఎక్కడ నిలబడాలో తెలియడమే పనితనం. మా కరాటే గురువుగారు చూసుంటే బెల్ట్ లాక్కునేవారు.

దెబ్బ కొట్టేవాడికన్నా తినేవాడే షాట్‌ని నిలబెడతాడు. రియాక్షన్ ముందొచ్చిందా, నవ్వులపాలు. ఆలస్యమైతే ఇంకో టేక్. అందుకే మొదటి ఆరునెలలు పడటమే నేర్చుకున్నాను. గడ్డం ఛాతీకి ఆనించాలి, ఊపిరి వదలాలి, అరచేతులూ ముంజేతులూ ఒకేసారి నేలకి కొట్టాలి. చెయ్యి చాచి ఆపుకోబోతే మణికట్టు పోతుంది. నాది అలాగే విరిగింది, అదీ రిహార్సల్లో!

జాకీ చాన్ కూడా ముందు తన్నులు తిన్నవాడే. 1972లో వచ్చిన బ్రూస్ లీ 'ఫిస్ట్ ఆఫ్ ఫ్యూరీ' చివర్లో, తన్నుకి తలుపులు బద్దలుకొట్టుకుంటూ బయటికి ఎగిరిపడే విలన్‌కి డూప్ ఆయనే. కానీ ఆయన చిన్నప్పుడే పెకింగ్ ఒపేరా (చైనా సంప్రదాయ సంగీత నాటకం) బడిలో పల్టీలతోపాటు పాట, నటన కూడా నేర్చుకున్నాడు. తర్వాత హాంకాంగ్ యాక్షన్ సినిమాల్లో పేరు తెచ్చుకున్న సామో హంగ్, యుయెన్ బియావ్‌లదీ ఆ బడే. ఈసారి జాకీ చాన్ ఫైట్ చూసేటప్పుడు కిక్కుని వదిలేసి, దెబ్బ తగిలాక ముఖం చూడండి. నొప్పికి చెయ్యి విదిలించుకునే తీరు చూడండి.

డూప్‌కి ముఖం దాచుకోవడమే ఉద్యోగం. ఆస్కార్‌వాళ్లు కూడా స్టంట్ డిజైన్‌కి అవార్డు ఇప్పుడిప్పుడే పెడుతున్నారు, 2027లో విడుదలయ్యే సినిమాల నుంచి. నేను ముఖం దాచడంలో మంచి పేరే తెచ్చుకున్నాను. ఏడో ఏట ఒక డైరెక్టర్ "ఎక్కడికిరా పోతావ్" అనే డైలాగ్ ఇచ్చారు. కెమెరా ఎటుంటే దానికి వ్యతిరేకంగా తల తిరిగిపోతోంది, అలవాటు. ఆరు టేకులయ్యాక డైలాగ్ పక్కవాడికి వెళ్లింది.

మీరు పడటం నేర్చుకునే రోజుల్లోనే నటన క్లాసులో కూడా చేరిపోండి.