మీ ప్రశ్నలు: బూట్లు కుట్టే ఆయన సెనేటర్ ఎలా అయ్యాడు?

ప్రశ్న: మా అబ్బాయి వాళ్ళు కనెక్టికట్‌లో ఉంటారు. మేం వెళ్ళినప్పుడు న్యూ హేవెన్‌లో రోజర్ షెర్మన్ అనే ఆయన సమాధి చూపించారు. బూట్లు కుట్టి బతికిన మనిషి లాయరై, అమెరికా రాజ్యాంగం రాసినవాళ్ళలో ఒకడయ్యాడట. కాలేజీ మొహం చూడకుండా లాయర్ ఎలా అయ్యాడండీ?
– ఒక పాఠకురాలు, తెనాలి

జవాబు: నిజమేనమ్మా. 1721లో మసాచుసెట్స్‌లో పుట్టాడు, నాన్న వ్యవసాయం చేస్తూ బూట్లు కుట్టేవాడు, ఈయనా అదే పని నేర్చుకున్నాడు. కుట్టే బల్ల మీద ఎదురుగా పుస్తకం తెరిచి పెట్టుకుని, చేతికి ఖాళీ దొరికినప్పుడల్లా ఒక లైను చదువుకునేవాడని చెప్తారు. ఊళ్ళో పాస్టర్ గారు తన దగ్గరున్న పుస్తకాలు ఇచ్చేవారు, చదువంటే అదే. 1741లో నాన్న పోయాక తల్లి, తమ్ముళ్ళు, చెల్లెళ్ళ భారం ఈయన మీద పడింది. 1743లో అన్నయ్య ఉండే న్యూ మిల్ఫర్డ్‌కి కుటుంబాన్ని తీసుకెళ్ళాడు, అది కనెక్టికట్‌లో చిన్న ఊరు. అక్కడ అన్నతో కలిసి కొట్టు నడిపాడు, లెక్కల్లో గట్టివాడు కాబట్టి 1745లో కౌంటీ సర్వేయర్ ఉద్యోగం వచ్చింది, పంచాంగాల్లాంటి ఆల్మనాక్‌లు కూడా వేశాడు. ఇంత చేస్తూనే ఇద్దరు తమ్ముళ్ళని కాలేజీలో చదివించాడు, నాకు ఆయన మీద గౌరవం మొదలైంది ఇక్కడే.

లాయర్ సంగతికొస్తే ఒక కథ చెప్పుకుంటారు. పక్కింటాయన కోర్టు గొడవలో ఉంటే అతని తరఫున టౌన్‌లో లాయర్‌ని కలవడానికి వెళ్ళాడట, కేసు వివరాలన్నీ కాగితం మీద రాసి పట్టుకెళ్తే ఆ లాయర్ చూసి, దాదాపు పిటిషన్‌లాగే ఉంది, నువ్వే లా చదవరాదా అన్నాడట. అప్పట్లో అమెరికాలో లా కాలేజీలు లేవు, ఎవరైనా లాయర్ దగ్గర ఉండో సొంతంగా పుస్తకాలు చదివో కోర్టు అనుమతి తెచ్చుకోవడమే. ఈయన సొంతంగా చదివి 1754లో లాయరయ్యాడు, మరుసటేడే ఊరివాళ్ళు కనెక్టికట్ అసెంబ్లీకి ఎన్నుకున్నారు. తర్వాత న్యూ హేవెన్ వెళ్ళడం, 1766లో సుపీరియర్ కోర్టు జడ్జి అవ్వడం, అమెరికా వలస రాష్ట్రాలన్నీ కలిసి పెట్టుకున్న కాంటినెంటల్ కాంగ్రెస్ సభలో చేరడం, ఒకదాని వెనక ఒకటి. 1774 కాంటినెంటల్ అసోసియేషన్ (బ్రిటిష్ సరుకుల్ని బహిష్కరించే ఒప్పందం), 1776 స్వాతంత్ర్య ప్రకటన, ఆర్టికల్స్ ఆఫ్ కాన్ఫెడరేషన్ (అమెరికా మొదటి రాజ్యాంగం), 1787 రాజ్యాంగం, ఈ నాలుగింటి మీదా సంతకం ఉన్నది ఈయనొక్కడిదే.

ప్రశ్న: అమెరికాలో పెద్ద రాష్ట్రం, చిన్న రాష్ట్రం అని లేకుండా ఇద్దరేసి సెనేటర్లు ఎందుకు? మన రాజ్యసభలో అలా లేదు కదా.
– పోటీ పరీక్షలకి చదువుతున్న పాఠకుడు, వరంగల్

జవాబు: దీనికీ షెర్మనే కారణం బాబూ. 1787లో ఫిలడెల్ఫియాలో రాజ్యాంగ సభ జరిగినప్పుడు వర్జీనియావాళ్ళు రెండు సభల్లోనూ జనాభాని బట్టి సీట్లు ఉండాలన్నారు, చిన్న రాష్ట్రాలు ససేమిరా ఒప్పుకోలేదు. జూన్ 11న షెర్మన్ లేచి, కింది సభలో జనాభా లెక్క, పై సభలో, అంటే ఇప్పటి సెనేట్‌లో, రాష్ట్రాలన్నిటికీ సమానంగా ఒక్కో ఓటు అన్నాడు. సభలో రాష్ట్రానికి ఒక ఓటు లెక్క, ఆ ప్రతిపాదన 6-5తో ఓడిపోయింది. ఆయన వదల్లేదు, మళ్ళీ మళ్ళీ అదే మాట మీద నిలబడ్డాడు, చివరికి జూలై 16న 5-4తో నెగ్గింది, మసాచుసెట్స్ వాళ్ళు రెండుగా చీలిపోయి ఎటూ ఓటు లెక్కకి రాలేదు. అంత సన్నటి తేడా!

ఆయనేమీ గొప్ప వక్త కాదు. అదే సభలో ఉన్న జార్జియా ప్రతినిధి విలియం పియర్స్, ఈయన మాట తీరు నవ్వొచ్చేలా ఉంటుందని రాసి, ఆ వెంటనే ఇంతకంటే మంచి మనసు, స్పష్టమైన బుర్ర ఇంకెవరికీ లేవని రాశాడు. ఊరి గొడవల్లో ఇరుపక్షాల మాటా వినే అలవాటే అక్కడ పనికొచ్చిందని నా నమ్మకం.

కానీ అన్నీ మెచ్చుకోలేం. కింది సభని జనం నేరుగా ఎన్నుకోవద్దు, వాళ్ళకి విషయాలు తెలియవు, సులువుగా మోసపోతారు అని వాదించింది కూడా ఈయనే, జనం ఓట్లతోనే పైకొచ్చిన మనిషి అలా అనడం నాకు బాధగా ఉంటుంది. బానిసల వ్యాపారం తనకి నచ్చదంటూనే, దక్షిణాది రాష్ట్రాలు విడిపోతాయని దాన్ని అలాగే వదిలేద్దామన్నాడు. రాజీ కుదిర్చే గుణానికి ఈ రెండో వైపు కూడా ఉంది, పరీక్షకి అక్కర్లేకపోయినా గుర్తుంచుకో.

మన రాజ్యసభలో సీట్లు చాలావరకు జనాభాని బట్టే ఇచ్చారు, యూపీకి 31, ఆంధ్రాకి 11, తెలంగాణకి 7.

ప్రశ్న: అమెరికా రాజ్యాంగ సవరణలు చివర్లో విడిగా ఎందుకుంటాయి?
– లా స్టూడెంట్, విశాఖపట్నం

జవాబు: మళ్ళీ ఆయనే! 1789లో మొదటి కాంగ్రెస్‌లో (అమెరికా పార్లమెంటు) వర్జీనియా సభ్యుడు జేమ్స్ మాడిసన్ సవరణల్ని అసలు పాఠం మధ్యలోనే కలపాలనుకున్నాడు. అప్పటికి కింది సభలో సభ్యుడిగా ఉన్న షెర్మన్ అడ్డుపడ్డాడు, జనం ఆమోదించిన పాఠాన్ని ముట్టుకోవద్దు, కొత్తవి చివర్లో చేర్చండి అన్నాడు. మొదట ఓడిపోయినా కొద్దిరోజుల్లోనే సభ ఆయన దారికొచ్చింది. 1791 డిసెంబర్‌లో అందులోంచి బిల్ ఆఫ్ రైట్స్ అనే మొదటి పది సవరణలు అమల్లోకి వచ్చేసరికి ఆయన సెనేటర్, 1793లో చనిపోయేదాకా ఆ పదవిలోనే ఉన్నాడు. మనవాళ్ళు మాత్రం మాడిసన్ అనుకున్న పద్ధతిలోనే వెళ్ళారు, విద్యాహక్కుని ఆర్టికల్ 21ఏ అని సరిగ్గా 21 పక్కనే పెట్టారు చూడు.