టీవీ సాహస యాత్రికుడితో మడ అడవిలో రెండు రోజులు

“అడవులు, దీవులు పట్టుకుని తిరిగే టీవీ సాహస యాత్రికులు నిజంగా అలాగే బతుకుతారా, అంతా కెమెరా కోసమేనా?” అని అడిగారు. నేను చూసింది చెప్తాను.

మాది తాళ్ళరేవు దగ్గర పల్లెటూరు. కొన్నేళ్ళ క్రితం ఒక ఛానల్ వాళ్ళు తమ సాహస యాత్రికుడితో కోరింగ అభయారణ్యంలోని మడ అడవికి షూటింగ్‌కి వచ్చి మా బాబాయి పడవ మాట్లాడుకున్నారు. గెడ వేయడానికి నేనూ వెళ్ళాను.

తెర మీద ఆ యాత్రికుడు ఒక్కడే కనిపిస్తాడు. నిజానికి అక్కడ మూడు పడవలు, పదకొండు మందిమి ఉన్నాం. పెద్ద పేరున్న వాళ్ళ సంగతీ అంతే. బ్రిటన్ టీవీ సాహస యాత్రికుడు బేర్ గ్రిల్స్ కొన్ని రాత్రులు హోటల్లో పడుకున్నాడని 2007లో పెద్ద గొడవే అయింది. ఆ తర్వాత, ఆయనకు సిబ్బంది సాయం ఉంటుందని కార్యక్రమంలోనే గమనిక వేశారు.

అలాగని అంతా అబద్ధం అంటే నేను ఒప్పుకోను. ఆస్ట్రేలియాలో జంతువుల కార్యక్రమాలు చేసిన స్టీవ్ ఇర్విన్ 2006లో షూటింగ్ చేస్తూనే టెంకి చేప (స్టింగ్‌రే) ముల్లు గుండెలో దిగి చనిపోయాడు. పక్కన ఎంతమంది ఉన్నా ప్రమాదం ప్రమాదమే.

మా దగ్గర ఆయన మోకాళ్ళ లోతు బురదలో దిగాడు. మడచెట్ల ఊపిరి వేళ్ళు మేకుల్లా పైకి పొడుచుకుని ఉంటాయి. అరికాలు చీరుకుపోయింది. షాట్ సరిగా రాలేదంటే ఉప్పునీళ్ళతో కడుక్కుని మళ్ళీ దిగాడు, మొత్తం ఐదుసార్లు. ఊతకర్ర కోసం ఒక కొమ్మ విరవబోతుంటే బాబాయి చెయ్యి పట్టుకుని ఆపేశాడు. “బాబూ, అది తిల్ల. పాలు కంట్లో పడితే చూపు పోద్ది.” ఆ పేరు ఆయన అక్కడికక్కడే పుస్తకంలో రాసుకున్నాడు. సాయంత్రానికి అందులో రెండు పేజీలు చెట్ల పేర్లే.

అసలు కష్టం టీవీలో రాలేదు. పాటు (సముద్రపు నీళ్ళు వెనక్కి తీయడం) మొదలైంది, బయల్దేరదాం అని బాబాయి నాలుగింటికే చెప్పాడు. ఇంకొక్క షాట్ అన్నారు. అంతే, పాయలో నీళ్ళు తీసేసి మూడు పడవలూ బురదలో కూర్చున్నాయి. మళ్ళీ పోటు వచ్చేదాకా ఐదు గంటలు దోమల్లో ఉన్నాం. కెమెరా బ్యాటరీలు అప్పటికే అయిపోయాయి. ఆయన మాత్రం మాతో పాటు దిగి పడవ నెట్టాడు. కదలకపోయేసరికి మా క్యారేజీలో మిగిలిన అన్నం, చేపల పులుసు తిని చెక్క మీదే నడుం వాల్చాడు. ఎవరినీ ఒక్క మాట అనలేదు. ఆ ఓర్పు నటన కాదు. ఈ వృత్తి మీద నాకు గౌరవం పుట్టింది ఆ రాత్రే.

మర్నాడు పొద్దున రేవులో మేం చెప్పకముందే ఆయనే అన్నాడు: “బాబాయి గారూ, ఇవాళ పాటు నిన్నటికంటే ముప్పావుగంట ఆలస్యం కదా? అయినా మూడున్నరకే వెనక్కి వచ్చేద్దాం.”